“చావని యెంచకు”: ఒక తోటపద్యానికి టీకా తాత్పర్యం

మూలం (ఆటవెలది)

నీడ చాలు నీరు నిలిచినన్ జేటౌను
మూరడెత్తు పెరిగి ముసురు నేల
చలికి రంగు మారుఁ జావని యెంచకు
వత్సరాది మరలఁ బచ్చబారు

టీక: నీడ చాలు = నీడ ఉన్నా సరిపోవును; నీరు నిలిచినన్ = మొక్క మొదలు వద్ద నీరు నిలిచినచో; చేటు + ఔను = కీడు కలుగును; మూరడు + ఎత్తు పెరిగి = మూరెడు ఎత్తు మాత్రమే ఎదిగి; నేల = నేలను; ముసురు = కమ్ముకొనును; చలికి రంగు మారున్ = చలికాలమున వన్నె మారును; చావని యెంచకు = దీని అర్థం వివాదగ్రస్తం, దిగువన చూడదగును; వత్సరాది = సంవత్సరారంభమున; మరలన్ పచ్చబారు = తిరిగి పచ్చనగును.

పద్యంలో కర్తృపదం లేదు. ఏ మొక్క సంగతో కవి చెప్పనందున అధ్యాహారం, అనగా లేని పదాన్ని సందర్భాన్ని బట్టి తెచ్చి పూరించడం, తప్పనిసరి అవుతుంది. నీడకు ఓర్చుకొని, నేలబారుగా పరచుకొని, ఏడాది పొడుగునా ఆకు నిలుపుకొంటూనే చలికి రంగు మార్చే పొద అన్నప్పుడు ఈ లక్షణాలన్నీ చక్కగా అతికేది మైక్రోబయోటా డెకుస్సాటాకు. రష్యా తూర్పు కొసన, వ్లాదివోస్తోక్ వైపు విస్తరించిన సిహోతే అలీన్ పర్వతాలు దీని పుట్టిల్లు. 1923లో వ్లదీమిర్ కొమరోవ్ అనే వృక్షశాస్త్రవేత్త దీనికి నామకరణం చేశాడు. ఈ ప్రజాతిలో ఇదొక్కటే జాతి కనుక అన్నదమ్ముల తగాదా లేదు. అంగళ్లలో దీనిని సైబీరియా సైప్రస్ అంటారు గాని, పుట్టిన చోటు సైబీరియాకు ఆవల ఉన్నది, మొక్క సైప్రస్ కుటుంబంలోనిదే అయినా ఆ ప్రజాతిది కాదు, అందుచేత ఆ రెండు పదాలలో ఏ ఒక్కటీ వ్యాఖ్యానానికి నిలవదు. శాస్త్రనామమే మేలు: బయోటా అన్నది మన నర్సరీలలో మోర్‌పంఖి అనే హిందీ పేరుతో అమ్ముడయ్యే మొక్కకు ఒకప్పటి ప్రజాతి నామం, మైక్రో అంటే చిన్నది, వెరసి చిట్టి మోర్‌పంఖి. డెకుస్సాటా అంటే ఆకుల జంటలు ఒకదానిపై ఒకటి అడ్డంగా, కూడిక గుర్తులా అమరినది. మైక్రోబయోటా అన్న పేరు వింటే నేటి వైద్యులకు కడుపులోని సూక్ష్మజీవులు స్ఫురించడం మొక్క చేసుకున్న పాపం కాదు.

“చాలు” అన్నాడు గాని “కావలెను” అనలేదని గమనించాలి. సొంత కొండలలో ఈ పొద చెట్లు పలచబడిన ఎగువ వాలులపై ఎండలోనే బతుకుతుంది. జునిపర్ వంటి తక్కిన నేలబారు పొదలు ఎండ తగ్గగానే చిక్కిపోతాయి, ఇది ఉత్తరపు గోడ వార కూడా నిలదొక్కుకుంటుంది. కవి మెచ్చినది ఆ ఓర్పునే. పగలు దీపం పెట్టవలసిన మూలలో మాత్రం ఇదీ పలచబడుతుంది. నీటి విషయంలోనూ కవి మాట తూచి వాడాడు. ఆ కొండలకు వేసవి ఋతుపవనాల వానలు తక్కువేమీ కావు, అయితే రాతివాలు కావడంచేత పడిన నీరు పడినట్టే జారిపోతుంది. చేటు నీటివల్ల కాదు, నిలుపువల్ల. బంకనేలలో గుంత తీసి నాటితే ఆ గుంతే గిన్నెగా మారి, వేళ్లకు గాలి అందక కుళ్లుతాయి కనుక, మట్టిని కాస్త గట్టుగా పోసి నాటడం పద్ధతి. మైనస్ 40 డిగ్రీల చలిని తట్టుకొనే ఈ మొక్కకు వేడి గిట్టదు. టొరంటోలోనో షికాగోలోనో స్థిరపడిన తెలుగువారి పెరళ్లకు ఈ పద్యం వర్తిస్తుంది గాని, కర్నూలు వారు దీనిని చదివి ఆనందిస్తే చాలు.

“ముసురు నేల” అన్నచోట కొందరు ముసురు పట్టిన నేల, అనగా తడినేల, అని అర్థం చెప్పవచ్చు. అది మొదటి పాదంతో విరోధిస్తుంది కనుక త్యాజ్యం. ఇక్కడ ముసురు క్రియాపదం, ఈగలు బెల్లాన్ని ముసిరినట్టు కొమ్మలు నేలను ముసురుతాయి. ఎత్తును మూరతో కొలిచిన కవి వెడల్పును కొలవకుండా వదలడం లోపమే, ఎందుకంటే మూరెడెత్తు మొక్క కాలక్రమాన రెండు మూడు మీటర్లు పరచుకొని, పక్కనున్న కాలిబాటను కూడా నేలగానే భావిస్తుంది.

పద్యానికి ఆయువుపట్టు మూడవ పాదం. “చావు + అని + యెంచకు” అని విడదీస్తే, రంగు మారినంత మాత్రాన చచ్చిందనుకోవద్దని అర్థం. చలిలో ఆకు ఆహారం వండుకోలేదు, వెలుతురు మాత్రం పడుతూనే ఉంటుంది. ఆ మిగులు వెలుగు దెబ్బ నుంచి కాచుకోవడానికి ఈ కుటుంబపు మొక్కలు కొన్ని ఎరుపు వర్ణకాలను కూడబెట్టుకుంటాయి. డిసెంబరులో ఒక రెమ్మను పట్టి ఎత్తి చూస్తే, విసనకర్రలా విచ్చుకొన్న దాని పైభాగాన నూకగింజలంతేసి పొలుసాకులు తోమని రాగిచెంబు వన్నెలో ఉంటాయి, పైకొమ్మల చాటున వెలుతురు తగలని చోట ఇంకా పచ్చదనం మిగిలి ఉంటుంది. నీడలో పెరిగినదానికి ఈ కంచువన్నె తక్కువగా పడుతుంది కనుక కంగారూ తక్కువే.

“చావని” అన్నది ఒకే పదమనుకొంటే మాత్రం, దీనిని చావులేనిదిగా ఎంచవద్దని అర్థం తిరగబడుతుంది. వేరు కుళ్లి చచ్చిన మొక్కా గోధుమరంగుకే తిరుగుతుంది, ఎండిన ఆకును వెంటనే రాల్చదు. “చలికి రంగు మారింది లెమ్మని” జూన్ వరకు నీళ్లు పోసేవారికి ఈ అన్వయం ఉద్దిష్టం. రెండర్థాలూ గ్రాహ్యమే, డిసెంబరులో మొదటిది, జూన్‌లో రెండవది. సందేహం కలిగినచోట గోటితో బెరడు గీరి చూడాలి. లోపల తడిపచ్చ కనిపిస్తే మొదటి అర్థం, పుల్ల పుటుక్కున విరిగితే రెండవ అర్థం.

“వత్సరాది” అంటే ఉగాది అని వాచ్యార్థం, కాని ఉగాది నాటికి ఈ మొక్క పెరిగే చలిదేశాలలో మంచైనా పూర్తిగా కరగకపోవచ్చు. అందుచేత లక్షణావృత్తితో, అనగా ముఖ్యార్థం పొసగనప్పుడు దానికి దగ్గరి అర్థం తీసుకొనే పద్ధతిలో, వసంతమని గ్రహించాలి. పచ్చడి తిన్న మర్నాడే, మొక్క ఇంకా పచ్చబారలేదని గునపం పట్టుకొని బయలుదేరడం వ్యాకరణ విరుద్ధం.

పద్యానికి ఫలశ్రుతి లేదు. పూవూ పండూ లేని మొక్క ఇది. పొలుసుల సందున కొన్ని మిల్లీమీటర్ల కోను ఒకటి, అందులో సాధారణంగా ఒకే గింజ.