కేటగిరీ వాస్తు

వీడియో గేమ్ ఆడుతూ లైవ్ పెట్టే కుర్రాడికి ఈ రోజుల్లో కావలసినవి మూడు: మంచి ఇంటర్నెట్, కాస్త ఓపిక, ఒక సిద్ధాంతి. మొదటి రెండూ అంతంతమాత్రంగా ఉన్నా నెట్టుకురావచ్చు. సిద్ధాంతి లేకపోతే మాత్రం చానల్ లేవదు. లైవ్ మొదలుపెట్టే ముందు నింపాల్సిన గడుల్లో ‘కేటగిరీ’ అని ఒకటి ఉంటుంది. ఏ ఆట ఆడుతున్నావో అందులో చెప్పాలి. అమాయకుడు తను ఆడుతున్న ఆట పేరే అక్కడ పెట్టి పనిలో పడతాడు. అలా చేయబట్టే వాడు పైకి రాలేదని సిద్ధాంతుల ఏకగ్రీవ తీర్మానం.

ఈ సిద్ధాంతులు యూట్యూబ్ నిండా ఉన్నారు. నోరు తెరిచిన మొహం, పక్కన ఎర్ర బాణం, కింద ‘నీ చానల్ ఎదగకపోవడానికి అసలు కారణం ఇదే’ అని పసుపు రంగు అక్షరాలు. తెరిచి చూస్తే లోపల ఉన్నది అచ్చమైన వాస్తు శాస్త్రం. ఫోర్ట్‌నైట్, లీగ్ ఆఫ్ లెజెండ్స్ లాంటి పెద్ద ఆటలు నైరుతి మూల. బరువెక్కువ, కొత్తవాడు అడుగున నలిగిపోతాడు. ఎవరూ ఆడని పాత ఆట వీధిపోటు. అటు గుమ్మం పెడితే ఒంటరి బతుకే. ఈ రెండింటికీ మధ్య, చూసే జనం కాస్త ఎక్కువగానూ చూపించే చానళ్ళు కాస్త తక్కువగానూ ఉన్న ఆట ఎక్కడో ఒకటి ఉంటుంది. అదే ఈశాన్యం. గుమ్మం అటు తిప్పావంటే లక్ష్మి తనంతట తనే నడిచొస్తుంది.

“అన్నా, ఆ ఆట నాకు రాదు కదా?”

“రావక్కర్లేదు తమ్ముడూ. రేషియో చూడు, ఎంత బాగుందో!”

“రెండ్రోజులు ఆడాను. నచ్చలేదన్నా.”

“నీకు నచ్చడమెందుకురా? వాస్తుకి నచ్చింది.”

రేషియో అంటే మరేం లేదు. ఒక ఆటని చూస్తున్నవాళ్ళ సంఖ్యని, దాన్ని లైవ్‌లో చూపిస్తున్న చానళ్ళ సంఖ్యతో భాగించడం. ఆటల లైవ్‌లకి పేరుపడ్డ ట్విచ్‌లో ఏ ఆటకి ఎంతమంది ఉన్నారో గంటగంటకీ లెక్క తీసిపెట్టే సైట్లున్నాయి; సిద్ధాంతి వాటిని ముందేసుకుని వేళ్ళు మడుస్తాడు. ఒక ఆటని 300 మంది చూస్తున్నారు, 30 చానళ్ళు చూపిస్తున్నాయి అనుకోండి. తలా పదిమంది! సిద్ధాంతి కళ్ళు ఆనందంతో చెమరుస్తాయి. ఆ పేజీ తెరిచి చూస్తే మాత్రం 300లో 270 మంది ఒకే చానల్లో బాసింపట్లు వేసుకుని కూర్చుని ఉంటారు. వాళ్ళు ఆ మనిషి కోసం వచ్చినవాళ్ళు. ఆయన రేపు పేకముక్కలు పేర్చినా చూస్తారు, ఆయన వెళ్ళిపోతే వాళ్ళూ వెళ్ళిపోతారు. మిగిలిన 29 చానళ్ళకీ కలిపి ముప్పైమంది. తలకొకడు. ఆ ఒక్కడూ, తన లైవ్ సరిగ్గా వస్తోందో లేదో సొంత ఫోన్లో చూసుకుంటున్న స్ట్రీమరే. సగటు అనేది ఈ సంగతులేవీ చెప్పదు. చెప్పదు కాబట్టే సిద్ధాంతికి అదంటే అంత ప్రేమ.

పోనీ, నిజంగానే ఈశాన్యం ఒకటి దొరికిందనుకుందాం. సిద్ధాంతి ఆ రహస్యాన్ని గుట్టుగా, తన సబ్‌స్క్రైబర్లందరికీ ఒకేసారి చెబుతాడు. వారం తిరిగేసరికి ఆ ఆట కేటగిరీలో కొత్త చానళ్ళు బారులు తీరతాయి. చూసేవాళ్ళు పాతవాళ్ళే, చూపించేవాళ్ళు పదింతలు. నిన్నటి ఈశాన్యం నేటి నైరుతి. సిద్ధాంతికి కొత్త వీడియోకి సరుకు దొరికింది.

అసలు చిక్కు ఇంకోటుంది. చిన్న కేటగిరీల్లో ఉండే ఆ కొద్దిమంది వీక్షకులు మహా గట్టివాళ్ళు. ఆ ఆటలో ఏ గోడ వెనక ఏ తలుపు ఉందో వాళ్ళకి కంఠతా వచ్చు. ఒకరినొకరు పేర్లతో పలకరించుకుంటారు. రేషియో చూసి వచ్చినవాడు మొదటి నిమిషంలోనే మొదటి గుంటలో పడతాడు. చాట్‌లో ఒకాయన ఎంతో మర్యాదగా “బ్రో, నువ్వు ఈ ఆట ఎందుకు ఆడుతున్నావు?” అని అడుగుతాడు. దానికి సిద్ధాంతి చెప్పిన జవాబు పైకి అనగలిగేది కాదు.

సిద్ధాంతి చెప్పినదాంట్లో నిజం బొత్తిగా లేదనను. ట్విచ్‌లో ఏదైనా ఆట పేజీ తెరిస్తే, ఎక్కువమంది చూస్తున్న చానల్ పైన, తక్కువమంది చూస్తున్నది కింద – చాలాకాలం నడిచిన పద్ధతి ఇదే. సిఫారసులనీ అవనీ తర్వాత వచ్చి చేరినా, ఉన్నవాడికే మళ్ళీ వడ్డించే అలవాటు పోలేదు. పెద్ద ఆటలో కొత్తవాడు ఎంత వేలు అరగదీసి కిందికి జరిపినా కనబడడు. 2017లో ట్విచ్ చిన్న చానళ్ళకీ కాస్త సంపాదన దొరికేలా అఫిలియేట్ పథకం పెట్టినప్పుడు దాని గుమ్మం దాటడానికి అడిగిన వాటిలో ఒకటి, నెల మొత్తం మీద సగటున ముగ్గురు వీక్షకులు. ఆ ముగ్గుర్ని పోగుచేయలేక తమ్ముడి ఫోనూ, పక్కింటివాడి ల్యాప్‌టాపూ అరువు తెచ్చుకున్న వీరులున్నారంటే నవ్వాలో ఏడవాలో తెలియదు. ఇల్లు కట్టినవాడే మెట్లు పెట్టడం మరిచిపోయాడు. ఆ మాట మేస్త్రీని అడగాలి. మెట్లు లేకపోవడానికి కారణం నువ్వు కిటికీ తప్పు దిక్కున పెట్టడమే అనేవాణ్ణి మాత్రం నమ్మకూడదు.

ఆ మాటకొస్తే ట్విచ్ పుట్టిందే ఒక కేటగిరీగా. 2007లో జస్టిన్ కాన్ అనే అమెరికన్ యువకుడు టోపీకి కెమెరా తగిలించుకుని, తన బతుకునే రాత్రింబవళ్ళు జస్టిన్.టీవీ అనే సైట్లో లైవ్ పెట్టాడు. తర్వాత ఆ జస్టిన్.టీవీలో అందరికీ చోటిచ్చారు. అందులో ఆటల విభాగం పెరిగి పెరిగి, 2011 జూన్‌లో ట్విచ్ పేరుతో వేరు కాపురం పెట్టింది. 2014లో అమెజాన్ దాన్ని సుమారు 97 కోట్ల డాలర్లకు కొనేసింది. అదే ఏడు పుట్టిల్లు జస్టిన్.టీవీ మూతపడింది. ఆటలకే పరిమితమని మడి కట్టుకున్న ట్విచ్, 2016 డిసెంబరులో నిజజీవితం చూపించుకోవడానికి ‘ఐఆర్ఎల్’ అని ఒక కేటగిరీ తెరిచింది. 2018 సెప్టెంబరులో దాన్ని ముక్కలు చేసి, ఒక ముక్కకి ‘జస్ట్ చాటింగ్’ అని పేరు పెట్టింది. ఆ తర్వాత ఏళ్ళలో మహామహా ఆటలన్నింటినీ వెనక్కి నెట్టి పైకెక్కి కూర్చున్నది ఆ ఊరకే కబుర్లు చెప్పుకునే కేటగిరీయే. బతుకు చూపించడం మానేసి ఆటలు చూపిస్తామని విడిపోయినవాళ్ళ ఇంట్లో చివరికి జనం చేరింది మనిషి మాట్లాడే చోటికి. పదకొండేళ్ళలో కంపెనీయే నేర్చుకున్న ఈ పాఠాన్ని సిద్ధాంతులింకా సిలబస్‌లో చేర్చలేదు.

గడిలో ఆడుతున్న ఆట పేరు కాకుండా లాభం పేరు రాసుకునే అలవాటు ఎంతదాకా పోయిందో కొన్ని సంగతులు చెబుతాను. వాల్వ్ కంపెనీ 2018 నవంబరులో ‘ఆర్టిఫాక్ట్’ అని ఒక కార్డుల ఆట తెచ్చింది. నెలల్లోనే ఆడేవాళ్ళు కరువై, దాని ట్విచ్ కేటగిరీ పాడుబడింది. సిద్ధాంతి లెక్కలో అంతకన్నా ఖాళీ స్థలం ఎక్కడ దొరుకుతుంది? 2019 మేలో అల్లరిమూకలు అందులో దిగి, మొదట దొంగ సినిమాలు వేశారు. జనం నవ్వుకుని చూశారు. ఆ తర్వాత అశ్లీల వీడియోలు వచ్చాయి. న్యూజీలాండ్‌లోని క్రైస్ట్‌చర్చ్ మసీదుల్లో కాల్పులు జరిపినవాడి వీడియో కూడా వచ్చింది. ట్విచ్ కొన్నాళ్ళు కొత్త ఖాతాలకి లైవ్ పెట్టే వీలే తీసేసి, ఊరూ పేరూ తెలియని ఆ మనుషుల మీద కోర్టుకెక్కింది. ఆట పేరుకీ లోపల నడిచేదానికీ సంబంధం అక్కర్లేదనే సరదా అక్కడిదాకా వెళ్ళింది.

2020 ఏప్రిల్‌లో ‘వేలరెంట్’ వచ్చింది. ఆట ఇంకా పరీక్ష దశలో ఉంది. ట్విచ్‌లో ఆ కేటగిరీ లైవ్‌లు చూస్తూ కూర్చుంటే ఆడే అవకాశం ‘డ్రాప్’గా పడొచ్చన్నారు. మొదటి రోజే ఒకేసారి 17 లక్షల మంది చూశారు. స్ట్రీమర్లకి నిద్ర మాటేమిటి మరి? కొందరు తమ పాత ఆట రికార్డింగ్‌నే లైవ్ అని తిప్పి తిప్పి వేస్తూ హాయిగా పడుకున్నారు. చూసేవాళ్ళూ ట్యాబ్ తెరిచి, శబ్దం నొక్కేసి పడుకున్నారు. ఇటు పక్క మనిషి లేడు, అటు పక్క మనిషి లేడు, మధ్యలో అంకె మాత్రం వెలిగిపోతోంది. వాస్తు శాస్త్రం సాధించిన పరిపూర్ణ గృహం అంటే అదే.

కేటగిరీ మీద తగువు వచ్చినప్పుడల్లా ఇంటివాళ్ళు చేసే పని ఇంకో గది కట్టడం. 2021లో స్ట్రీమర్లు కొందరు గాలి ఊదిన తొట్టెల్లో, ఈత దుస్తుల్లో కూర్చుని ‘జస్ట్ చాటింగ్’ చేస్తుంటే గోల లేచింది. మే నెలలో ట్విచ్ ‘పూల్స్, హాట్ టబ్స్ అండ్ బీచెస్’ అని ఒక కేటగిరీ ప్రారంభించి చేతులు దులుపుకుంది. ‘స్లాట్స్’ సంగతి ఇంకా ముచ్చట. జూదం మిషను తిప్పడం కూడా ఫుట్‌బాల్, చదరంగాల పక్కన ఒక ‘గేమ్’గా నిలబడి, బాగా చూసే కేటగిరీల జాబితాలోకి ఎక్కింది. లైసెన్సు లేని జూదం సైట్లను చూపించకూడదని ట్విచ్‌కి 2022లో గానీ తోచలేదు. అంతవరకూ రేషియో బాగుంది కదా!

మన తెలుగు కుర్రాళ్ళలో ఎక్కువమంది ట్విచ్ గడప తొక్కరు. వాళ్ళ లైవ్‌లు నడిచేది యూట్యూబ్‌లో. అక్కడ ‘గేమింగ్’ అని కేటగిరీ ఎంచుకుని ఆట పేరు పెడితే సరిపోతుంది. సరిపోతే వాస్తు ఏం కావాలి? అందుకని టైటిల్లో ప్రపంచంలోని ఆటలన్నీ కూరుస్తారు. జీటీఏ 6 ట్రైలర్ 2023 డిసెంబరులో వచ్చింది. ఆట బజారులోకి రాకముందే ‘జీటీఏ 6 లైవ్ ఇన్ తెలుగు’ అని బోర్డు కట్టి, లోపల పాత జీటీఏ 5 తిప్పారు. వచ్చినవాడు అర నిమిషంలో పట్టేసి, చాట్‌లో రెండు మంచి మాటలు పెట్టి పోతాడు. ఆ రెండు మాటలు కూడా ఎంగేజ్‌మెంటేనని సిద్ధాంతి ఓదారుస్తాడు.

దిక్కు చూసి ఆటని ఎంచుకున్నవాళ్ళ గతి మన దేశంలో ఒక్క సంతకంతో తేలిపోయింది. 2020 సెప్టెంబరు 2న ప్రభుత్వం పబ్జీ మొబైల్‌ని నిషేధించింది. 2021 జూలైలో అదే ఆట బీజీఎంఐ అనే పేరుతో వచ్చింది. 2022 జూలైలో ప్లేస్టోర్ నుంచి అదీ మాయమైంది. 2023 మేలో తిరిగొచ్చింది. ఈ మధ్యలో 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్‌కి నిషేధం. మూడేళ్ళలో ఇన్నిసార్లు గుమ్మం మూసి తెరిస్తే ఏ ఈశాన్యం కాపాడుతుంది? ఆట పోయినా చానల్ నిలబెట్టుకున్నవాళ్ళు ఉన్నారు. చాట్‌లో “అన్నా, నా పేరు చదవవా” అన్న పిల్లాడి పేరు విసుక్కోకుండా చదివి, ఓడిపోయిన రౌండునీ నవ్వించేలా చెప్పగలిగినవాళ్ళు వాళ్ళు. వాళ్ళు లూడో ఆడినా జనం వెంట వచ్చారు.

చదరంగం మాటే చూడండి. గుర్రమూ ఏనుగూ కదిపే ఆటని గేమింగ్ స్ట్రీమ్‌గా పెట్టమని 2019లో ఏ సిద్ధాంతీ చెప్పి ఉండడు. అమెరికన్ గ్రాండ్‌మాస్టర్ హికారు నకమురా ఆడాడు, ఆడుతూ మాట్లాడాడు. 2020 లాక్‌డౌన్‌లో ఆ కేటగిరీ పొంగింది. ఇక్కడ హాస్యనటుడు సమయ్ రైనా గ్రాండ్‌మాస్టర్లని పక్కన పెట్టుకుని యూట్యూబ్‌లో అదే పని చేశాడు. ‘అమాంగ్ అస్’ 2018లో వచ్చి రెండేళ్ళు దుమ్ము పట్టింది. 2020లో కొందరు స్ట్రీమర్లు స్నేహితులతో కలిసి సరదాగా ఆడితే ప్రపంచమంతా దానిమీద పడింది. రెండుచోట్లా సిద్ధాంతులు ఆలస్యంగానైనా హాజరయ్యారు. ‘అమాంగ్ అస్ ఎందుకు బెస్ట్ కేటగిరీ?’ అనే వీడియో, అప్పటికే గృహప్రవేశం అయిపోయి అతిథులు చేతులు కడుక్కుంటుండగా విడుదలైంది.

మరి కేటగిరీకి విలువ లేదా అంటే, ఉంది. అది చూసేవాడికి సంబంధించిన విలువ. ఒక ఆటంటే ఇష్టపడి, ట్విచ్‌లో దాని కేటగిరీనే ఫాలో అవుతున్న మనిషికి, లోపల అదే ఆట ఉంటుందన్న మాట ఇవ్వడం. ఆట ఆపి గంటసేపు కబుర్లు చెప్పాలనుకుంటే కేటగిరీ మార్చడానికి పట్టేది పది సెకన్లు. మార్చకపోతే, లైవ్ మధ్యలో ఎవరైనా కత్తిరించుకున్న క్లిప్ కూడా పాత ఆట పేరుమీదే చేరుతుంది. దయ్యాల ఆట అభిమాని భయపడదామని ఆ క్లిప్ తెరిస్తే, తమరు ఇడ్లీలో కారప్పొడి అద్దుకుంటూ కనిపిస్తారు. అతని సమయానికి విలువివ్వని చానల్‌కి అతను తిరిగి రాడు. ఏ ఆట ఆడుతున్నావో ఆ పేరు పెట్టు, మారితే మార్చు. ఈ శాస్త్రం మొత్తం అంతే. వీడియో తీయడానికి నిడివి చాలదు, కోర్సు అమ్మడానికి అసలే పనికిరాదు.

కాబట్టి అమ్మకానికి ఆ పొడుగు శాస్త్రమే ఉంటుంది. అంత నమ్మకంగా చెబుతున్న సిద్ధాంతి సొంత చానల్ ఏ కేటగిరీలో ఉంటుందో ఒకసారి ఆలోచించండి. గేమింగ్‌లో ఉండదు. ‘ఎడ్యుకేషన్’లో ఉంటుంది. ఆయన ఆట మానేసి చాలా కాలమైంది. చూసేవాళ్ళు కోకొల్లలు, వాళ్ళు ఎంత ఓడిపోతే అంత మళ్ళీ మళ్ళీ వస్తారు. ఒక్క చానల్ ఎదిగినా ఆయనకొక వీక్షకుడు తగ్గినట్టే. కుర్రాళ్ళంతా వెతుకుతున్న ఈశాన్యం నిజంగానే ఉంది. దాన్ని ఆయన ఎప్పుడో రిజిస్ట్రేషన్ చేయించుకున్నాడు.