‘తమ్మీ’ సూత్రానికి టీకా తాత్పర్యం

మూలం: “అగో తమ్మీ! నేను గూడ మీ లెక్కనే. జర ఆ ఫోన్ ఇటు తిప్పు.”

అవతారిక: కాలేజీ గేటు కాడ తెల్లచొక్కా నాయకుడు పలికేదీ, టీవీలో ఆయన వేషం కట్టినవాడు పలికేదీ ఈ వాక్యమే. పాఠభేదం లేదు.

ప్రతిపదార్థం: అగో = ఐదేళ్లకు కనబడ్డవాణ్ణి నిన్ననే చూసినట్టు పిలిచే అవ్యయం; తమ్మీ = పద్దెనిమిది నిండి ఓటర్ల జాబితాకెక్కినవాడా (1989కి ముందైతే ఇరవై ఒకటి నిండాలె, అందాక ఉత్త పోరడే); నేను గూడ = అరవై దాటిన నేను సైతం; మీ లెక్కనే = మీలాగే, ఓట్ల లెక్క అని శ్లేష; జర = కొంచెం, పోలింగ్ మర్నాడు ఈ పదానికి లోపం వచ్చును; ఇటు = నా మొకం దిక్కు; తిప్పు = స్పష్టం.

విశేషం: ఈ సూత్రం వినబడే జనగామ, మానుకోట, భూపాలపల్లి మూడూ వరంగల్–ఖమ్మం–నల్లగొండ పట్టభద్రుల నియోజకవర్గంలోవే. వీ6 టీవీలో తెలంగాణ యాసతో నాయకుల్ని ఏకిపారేసిన తీన్మార్ మల్లన్న 2021లో ఇక్కడ ఇండిపెండెంటుగా నిలబడి పల్లా రాజేశ్వర్ రెడ్డి చేతిలో ఓడారు. పల్లా 2023లో జనగామ ఎమ్మెల్యే కాగా ఖాళీ అయిన ఆ సీటునే 2024 ఉప ఎన్నికలో మల్లన్న కాంగ్రెస్ తరఫున గెలిచారు. ఉపమానం ఉపమేయమైతే ప్రతీపాలంకారం. వెక్కిరించినాయనే వెళ్లి వెక్కిరింపు పడేవాళ్ల వరుసలో కూర్చుంటే ఇంతకన్నా మంచి ఉదాహరణ ఏముంది? ఇక టీవీలో యాసతో నవ్వించే బిత్తిరి సత్తిని చూసి నాయకులు యాస దిద్దుకుంటుంటే, ఎవరు ఎవరిని అనుకరిస్తున్నారో తేల్చడం వ్యాఖ్యాతల్లో మేటి మల్లినాథసూరి వల్ల కూడా కాదు.

పూర్వపక్షం: కుర్రకారుకు కుర్రమాటే నచ్చును గదా? పోతన ఊరు బమ్మెర ఉన్న పాలకుర్తిలో 2023లో ఎర్రబెల్లి దయాకర్ రావును ఓడించిన యశస్వినీరెడ్డికి 26 ఏళ్లే గదా?

సమాధానం: నిజమే. కానీ ఆ ఇరవయ్యారు ఆమె సొంతం, మేకప్‌తో తెచ్చుకున్నవి కావు.

పాఠాంతరం: మానుకోటలో ఒక చాయ్ బండి కాడ ఈ సూత్రం జరుగుతుంటే చూశాను. కుర్రాడు ఫోన్ తిప్పిండు. తెరమీద సగం నాయకుడి మొకం, సగం వెనక గోడమీది కోచింగ్ సెంటర్ పోస్టర్. నాయకుడు రెండడుగులు పక్కకు జరిగి పోస్టర్‌ను కప్పేసిండు.

భూపాలపల్లి ప్రతిలో చివర ఒక వాక్యం ఎక్కువుంది: “అన్నా, సింగరేణి నోటిఫికేషన్ ఎప్పుడు?” నాయకుడి జవాబు ఉన్న పత్రం శిథిలం.