ఏ ఫైలు ఏం చేస్తుందో తెలిసేది

మా రోజుల్లో యాంటీవైరస్ చొక్కా జేబులో పట్టేది. 1.44 ఎంబీ ఫ్లాపీ. దాని మూలనున్న చిన్న మీట జరిపితే ఇక అందులో ఏదీ రాయడం కుదరదు. ఆ ఫ్లాపీతోనే మెషీన్ బూట్ చేసేవాళ్లం. హార్డ్ డిస్కులో నక్కిన వైరస్ లేచేలోపే మనం లేవాలి, అదీ లెక్క. స్కాన్ కమాండ్ కొట్టి, తెర మీద ఫైళ్ల పేర్లు జారిపోతుంటే కన్నార్పకుండా చూసేవాళ్లం.

మెకాఫీలో మూడు డేటా ఫైళ్లుండేవి: స్కాన్.డ్యాట్, నేమ్స్.డ్యాట్, క్లీన్.డ్యాట్. ఒకదాంట్లో వైరస్‌ల ఆనవాళ్లు, ఒకదాంట్లో పేర్లు, ఒకదాంట్లో వదిలించే పద్ధతి. పేరు చదివితే పని తెలిసిపోయేది. సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లోని సీటీసీ కంప్యూటర్ మార్కెట్లో ఎదురుపడితే "తిన్నావా" కంటే ముందు "కొత్త డ్యాట్లు వచ్చాయా అన్నా?" అని అడిగేవాళ్లు.

అడగనివాళ్ల గతి 1999 ఏప్రిల్ 26న చూశాను. సీఐహెచ్ వైరస్ పేలిన రోజు. పెళ్లిళ్ల సీజన్లో ఓ డీటీపీ సెంటర్, శుభలేఖలన్నీ ఒకే మెషీన్లో. ఆనవాళ్ల ఫైలు నెలల నాటిది. హార్డ్ డిస్కు మొదటి భాగం తుడిచిపెట్టుకుపోయింది, బయాస్ చెడిపోయింది. చిప్పు ఊడదీసి మళ్లీ రాయించాం గానీ శుభలేఖలు తిరిగి రాలేదు. ఆ యజమాని మొహం ఇప్పటికీ గుర్తే.

ఇప్పుడో? మొన్న కింది ఫ్లాట్ కుర్రాడు, బీటెక్ మూడో ఏడు, "అంకుల్, యాంటీవైరస్ తెరుచుకోవట్లేదు, ఏదో డీఎల్ఎల్ లేదంటోంది" అన్నాడు. నేను దిగేసరికే ఏదో సైటు నుంచి ఆ ఫైలు దించి సిస్టమ్32లో పడేశాడు. "ఏంట్రా అది?" అంటే "ఏదో ఫైలు అంకుల్" అన్నాడు.

ఏదో ఫైలా! యాంటీవైరస్‌లో కంటికి కనబడే కిటికీ వట్టి ముఖద్వారం. అసలు వాసన పట్టేది లోపలి లైబ్రరీ ఫైలే. మెషీన్లో ఎక్కడికైనా వెళ్లగల అధికారం దానికి ఉంటుంది. ఆ పేరుతో ముక్కూమొహం తెలియనిదాన్ని లోపలికి తెచ్చుకుంటే, దొంగకి కాపలా కర్ర ఇచ్చినట్టే.

వాడి చేతే ఆ ఫైలు ప్రాపర్టీస్ తెరిపించాను. కంపెనీ డిజిటల్ సంతకం ఉండాల్సిన చోట ఏమీ లేదు. తీసేయించి, కంపెనీ సొంత సైటు నుంచి మొత్తం మళ్లీ ఇన్‌స్టాల్ చేయించి, డిస్కంతా స్కాన్ పెట్టించాను. అది నడుస్తుండగా నా ల్యాప్‌టాప్ తెచ్చి విండోస్ డిఫెండర్ ఫోల్డర్ చూపించాను. ఎంపీఇంజిన్.డీఎల్ఎల్, అది వెతికే యంత్రం. పక్కన వీడీఎం ఫైళ్లు, ఆనవాళ్ల చిట్టా. 'బేస్' అన్నది పెద్ద పుస్తకం, 'డెల్టా' అన్నది దానికి తాజాగా అతికే కాగితం. మా డ్యాట్ల మనవలే ఇవి.

ఇప్పుడు పుట్టే వైరస్‌ల లెక్కకి నెలకో ఫ్లాపీ చాలదు, ఒప్పుకుంటాను. అప్‌డేట్ దానంతటదే రావడం మంచిదే. వచ్చిందేమిటో ఒక్కడూ చూడకపోవడమే నాకు మింగుడుపడదు. 2024 జులై 19న సెక్యూరిటీ కంపెనీ క్రౌడ్‌స్ట్రయిక్ పంపిన ఒక్క లోపమున్న ఫైలుకి ప్రపంచంలో సుమారు 85 లక్షల విండోస్ మెషీన్లు నీలి తెరతో కూలబడ్డాయి. మన శంషాబాద్ విమానాశ్రయంలో బోర్డింగ్ పాసులు చేత్తో రాసిచ్చారు. చివరికి చాలా చోట్ల విరుగుడు ఏమిటి? మెషీన్ దగ్గరికి మనిషి వెళ్లి, సేఫ్ మోడ్‌లో తెరిచి, పేరులో 291 అంకె ఉన్న ఆ ఫైలుని వెతికి చేత్తో తీసేయడం. పేరు తెలిసినవాడి చేయే పనికొచ్చింది.

అందుకే కుర్రాడి చేత ఆ డిఫెండర్ ఫైళ్ల పేర్లు, వాటి పనులు నోట్‌బుక్‌లో రాయించాను. వచ్చే నెల మళ్లీ దిగి అడుగుతాను. చూడకుండా చెప్పాలి.