నైరాకు సంస్కృత పూత

చీపురుపల్లి కనకమహాలక్ష్మిలోని కనకమూ, విజయనగరం పైడితల్లిలోని పైడీ బంగారమే. అర్థం కోసం ఫోన్ తడమక్కర్లేదు. ఇప్పటి ఉయ్యాలల్లో మాత్రం ‘నైరా’. సరస్వతీదేవి సౌందర్యమట, సంస్కృతమట! ఆ పోలికతో సంస్కృతంలో దొరికేవి రాక్షసుడేలే నైరుతి, నరకవాసి అయిన నైరయికుడు. 1973 నుంచి నైజీరియా కరెన్సీ పేరూ నైరాయే. సరస్వతికి బదులు లక్ష్మి అన్నా కొంత అతికేది.

కొత్త పేర్లు పుట్టకూడదా అంటారా? భేషుగ్గా పుట్టొచ్చు. ఐరిష్ రచయిత జొనాథన్ స్విఫ్ట్ స్నేహితురాలి పేరు ముక్కలు అతికించి ‘వెనెస్సా’ అన్నాడు. 1726లో అచ్చయిన ఆ కల్పన లోకమంతా చెల్లింది. అమ్మ పేరు తలా, నాన్న పేరు తోకా కలిపి పెట్టుకోండి, కాదనేదెవరు? బారసాలనాడు బియ్యంలో రాయించేది పేరొక్కటే. పక్కన దొంగ వ్యుత్పత్తి కూడా రాయమని ఏ పురోహితుడూ పట్టుబట్టడు.