టామీ సూత్రమునకు టీకా తాత్పర్యము

మూలము: "టామీకి మాత్ర. పొద్దున 8, రాత్రి 8. అన్నంతో. పెరుగు వద్దు. వేసినవాళ్ళే గీత పెట్టాలి. 28 రోజులు."

అవతారిక: సికింద్రాబాదు మారేడుపల్లియందలి యొక గృహమున, వంటగది గోడకు వ్రేలాడు క్యాలెండరుపై, పాల లెక్కకును ఏకాదశికిని నడుమ మిగిలిన యిరుకు చోటున నాయనమ్మగారు లిఖించిన యీ సూత్రమునకు కారణభూతము పెంపుడు కుక్క టామీకి పిడుదు కాటువలన వచ్చిన జ్వరము. 1897 ఆగస్టు 20వ తేదీన రొనాల్డ్ రాస్ ఈ యూరి బేగంపేటలోనే దోమ కడుపున మలేరియా క్రిమిని కనుగొనెను గావున, అల్పప్రాణి మహారోగమును మోసికొని వచ్చుట యిచటివారికి వింత గాదు. అప్పుడు దోమ, ఇప్పుడు పిడుదు. అది శునకరక్తమున విడిచిన ఎర్లీకియా యను సూక్ష్మజీవిని హరించుటకే పశువైద్యుడు డాక్సీసైక్లిన్ విధించెను.

ప్రతిపదార్థము: పొద్దున 8, రాత్రి 8 = ఔషధబలము రక్తమున సడలకుండుటకై పండ్రెండేసి గంటల యెడముతో ("నిద్ర లేచినప్పుడు" అను మనుమని వ్యాఖ్య అప్రామాణికము); అన్నంతో = వట్టి కడుపున వాంతి కాకుండునట్లును, పిమ్మట నీరు త్రాగించి మాత్ర గొంతున చిక్కి పుండు చేయకుండునట్లును; పెరుగు వద్దు = అందలి కాల్షియము మందును పట్టి యుంచి రక్తమున పూర్తిగా చేరనీయదు గావున, పెరుగన్నపు ముద్దలో మాత్రను దాచు కులాచారము ఇచట నిషిద్ధము; వేసినవాళ్ళే = వేయుమని పురమాయించినవారును, వేయవలెనని తలచినవారును గాక; గీత పెట్టాలి = కుక్క మ్రింగుట కన్నులార చూచిన పిదప (సోఫా క్రింద ఉమిసిన మాత్రకు గీత చెల్లదు); 28 రోజులు = వారము తిరుగక మునుపే కుక్క గేటెక్కి పాలవానిపై మొరిగినను, రోగము తీరెనని భ్రమపడి మానక.

పూర్వపక్షము: కుక్క మొగము చూచినంతనే తెలియుచుండగా గీత యేల?

సమాధానము: మాత్ర వేసినవారికిని వేయనివారికిని సమముగా తోక నూపు ప్రాణి సాక్ష్యము ఏ ధర్మాసనమునను నిలువదు. మఱియు, వ్యాఖ్యాతలకు ప్రియమైన అధ్యాహారము గృహమున మహాదోషము. "కోడలు వేసే ఉంటుంది" అని తాతగారును, "మామయ్యగారు వేసే ఉంటారు" అని కోడలును ఎవరికివారు పూరించుకొన్నచో ఆ పూట మాత్ర లుప్తమగును. ఇరువురును శ్రద్ధాళువులైనచో పునరుక్తి సంభవించును. కావ్యమున నీ దోషములకు విమర్శకుడు కోపించును. ఇచట కాలేయము కోపించును.

తాత్పర్యము: ఈ సూత్రమునకు ప్రాణము గీత, తక్కినదంతయు మందుచీటీలోనే యున్నది. ఒక పూట తప్పినచో మరుపూట రెండు వేసి సరిపెట్టరాదు, వైద్యుని అడుగవలెను. నలుగురు గారాబము చేయు కుక్కకు మందు వేయు భారము ఒక్కరిపైననే యుంచి, వారు ఊరికేగునపుడు దానిని నోటిమాటతో విడువక వ్రాతపూర్వకముగా అప్పగింపుడని గృహస్థులకు మనవి.