నవల చదివి తియ్యండ్రి బిడ్డా

మా భీవండి పద్మనగర్ పిల్లలు ఫోన్లనే 12 నిమిషాల సినిమా తీసి నాకు చూపించిన్రు. ‘అంపశయ్య’ అట, ప్రయోగం అట. పిల్లగాడు అద్దం చూస్తడు, మెట్లెక్కుతడు, దిగుతడు, వెనక వయొలిన్ ఏడుస్తది. మాట లేదు, ముచ్చట లేదు. "మనసుల ఏమనుకుంటుండో మీరే ఊహించుకోవాలె తాతా" అన్నరు. ఊహించుకునేటందుకు మీ సినిమా ఎందుకురా, నవీన్ రాసిన పుస్తకం ఉండంగ!

మా రోజుల్ల భీవండిల తెలుగు పుస్తకం దొరుకుడే కష్టం. ఊరికి పోయినోడు వరంగల్‌ల కొనుక్కొస్తే అది మా మరమగ్గాల కార్ఖానాలన్నీ తిరిగేది. కరెంటు పోతే సాంచెలు ఆగుతయి, చెవులల్ల రొద మాత్రం ఆగది. ఆ రొదలనే కిటికీ కాడ కూసొని నాలుగు పేజీలు చదువుడు, కరెంటు రాంగనే పేజీ మడిచి కండె మార్చుడు. ‘అంపశయ్య’ గూడ గట్లనే చదివిన. 1969ల వచ్చిన నవల అది. ఉస్మానియా హాస్టల్ల రవి అనే పిల్లగాని ఒక్క రోజు కథ, నాకు నెల పట్టింది. నవీన్ అసలు పేరు దొంగరి మల్లయ్య, ఆయనకు ఆ నవల పేరే ఇంటిపేరై కూసుంది.

మేం బడి సగంల ఇడిసొచ్చినోళ్లం, యూనివర్సిటీ గేటు గూడ చూడలె. అయినా జేబుల పైసల్లేక రవి పడే తండ్లాట, పరీక్షల భయం, ఆడపిల్ల ఎదురైతే నోరు పెగలకపోవుడు, అన్నీ మావే. మీరేమో ఆ పైసల ముచ్చటే తీసేసి, రవిని కాఫీ షాపుల కూసోబెట్టిన్రు. నా కోపం గక్కడనే.

అంత తొందరేంది? సత్యజిత్ రాయ్ 1952ల పట్టుకున్న ‘పథేర్ పాంచాలి’ 1955కు బయటికొచ్చింది. పైసలైపోతే ఆపిండు, దొరికితే తీసిండు. అందుల పిల్లగాడు అపూ పెద్దోడయ్యేసరికి మూడు సినిమాలైనయి. మన పక్కన మరాఠోళ్లు మిలింద్ బోకిల్ ‘శాళా’ నవలను, ఎమర్జెన్సీ నాటి బడిపిల్లల కథను, తీరువాటంగ తీసి జాతీయ అవార్డు తెచ్చుకున్నరు. ‘అంపశయ్య’నే ప్రభాకర్ జైని 2016ల సినిమా చేసిండు. అదన్నా చూసిన్రా?

ఒక్కటి మాత్రం చెప్పాలె. మీ సినిమా ఆఖర్ల బొమ్మంత నల్లగ చేసి ఒట్టి సాంచెల చప్పుడు వినిపించిన్రు చూడు, ఆ తెలివి మా రోజుల్ల ఎవ్వనికీ తట్టలె. మా పడుచుతనమంత ఆ చప్పుట్లనే గడిచింది.

పుస్తకం నా కాడ ఉన్నది, వచ్చి తీస్కపోండ్రి. అట్ట ఊడింది గని కథ మొత్తం ఉన్నది. చదివి, రవి జేబుల పైసలు లెక్కబెట్టి, మళ్ల తియ్యండ్రి.