ఒక్క అక్షరం మీద గర్వం

నా గర్వమంతా ఒక్క ‘థ’లో ఉండేది. మాడ్రిడ్ వైపు ధన్యవాదాలు చెప్పేటప్పుడు నాలుక కొస పళ్ల మధ్య పెట్టి ‘గ్రాథియాస్’ అంటారు. హైదరాబాదులో పుట్టి పెరిగి, స్పానిష్ పాఠాలు చెప్పుకొని బతికే నేను ఆ శబ్దం కోసం అద్దం ముందు నిలబడి సాధన చేశాను. పట్టుబడ్డాక ఇక నన్ను ఆపేవాళ్లు లేరు. అక్కర్లేని చోట కూడా ఆ ధ్వని ఉన్న మాటలే ఏరి ఏరి వాడేవాణ్ని. కష్టపడి నేర్చుకున్న దేని మీదైనా ఇలాంటి ముచ్చట పుడుతుంది. మీకూ ఉండే ఉంటుంది, నా దగ్గర దాచకండి.

నా ఆరాధ్యుడు స్పానిష్ భాషా పండితుడు రామోన్ మెనెందెస్ పిదాల్. 1899లో మాడ్రిడ్ విశ్వవిద్యాలయంలో ఆచార్యుడై, 1968లో తొంభై తొమ్మిదో ఏట కన్నుమూసిన మహానుభావుడు. 1900లో పెళ్లయ్యాక ఆయన, భార్య మరియా గోయ్రి విహారయాత్రకని వెళ్లింది ఎక్కడికో తెలుసా? తాను పరిశోధిస్తున్న వీరగాథలో నాయకుడు ‘సిద్’ తిరిగిన దారి వెంట! బుర్గో దె ఒస్మాలో బట్టలుతికే ఒకావిడ పాట ఎత్తుకుంది. వింటూ వింటూ ఇద్దరూ ఉలిక్కిపడ్డారు. అది 1497లో చనిపోయిన యువరాజు హువాన్ కథ. కాస్తీల్‌లో అలాంటి పాటలు జనం నోళ్లలో ఏనాడో అంతరించాయని పండితులు తేల్చేసిన కాలమది. ఆ పాటను వాళ్లు అక్కడే రాసుకున్నారు.

ఈ కథ ఏటా గొంతు వణికేలా చెప్పేవాణ్ని. అదే నోటితో, విద్యార్థి ఎవరైనా ‘గ్రాసియాస్’ అంటే రెండు మార్కులు కోసేవాణ్ని.

ఒక ఏడు మౌఖిక పరీక్షకు బయటి నుంచి ఒక ప్రొఫెసర్ వచ్చారు. కొలంబియాలోని బొగొతా ఆవిడ. కొలంబియా పాటలు వినీ వినీ భాష పట్టేసిన ఒక అమ్మాయి ధారాళంగా మాట్లాడుతోంది, అడిగినదానికల్లా జవాబు చెబుతోంది, చివర ‘గ్రాసియాస్’ అంది, నేను చెయ్యెత్తాను, ఆపాను, నాలుక పళ్ల మధ్య పెట్టమన్నాను, పెట్టి చూపించాను కూడా, మళ్లీ అనమన్నాను, ఆ పిల్ల మొహం వాడిపోయింది, అప్పుడు మేడమ్ నా వైపు చూడకుండా ఆ అమ్మాయితోనే మెల్లగా ‘గ్రాసియాస్’ అన్నారు. పొద్దుటి నుంచీ ఆవిడ అలాగే పలుకుతున్నారు. నా చెవిన పడనే లేదు.

మెక్సికో నుంచి అర్జెంటీనా దాకా కోట్లాది మంది పలికేది ‘స’యే. స్పెయిన్‌కే చెందిన కెనరీ దీవుల్లోనూ అంతే. ఇది నాకు తెలియక కాదు, పరీక్షల్లో ప్రశ్నగా ఇచ్చినవాణ్ని. తెలిసిన సంగతి గర్వం ముందు నోరు మూసుకుంది. ‘స’ పలికే ఆ నేల పాండిత్యమూ నాకు గుర్తు రాలేదు. ఆ ప్రొఫెసర్‌ది అయిన బొగొతాలోనే పుట్టిన రుఫినో హోసె కువెర్వో, అన్నతో కలిసి బీరు కర్మాగారం నడిపి, దాన్ని అమ్మిన డబ్బుతో పారిస్‌లో ఉంటూ స్పానిష్ వాక్యనిర్మాణానికి మహా నిఘంటువు తలపెట్టాడు. మొదటి సంపుటం 1886లో వచ్చింది. మిగతా పని ఆయన పోయిన ఎన్నో దశాబ్దాలకు, 1994లో, ఆ బొగొతాలోనే పూర్తయింది. అంతెందుకు, నా పిదాలే పెరూ, ఈక్వడార్ సరిహద్దు తగవు పని మీద వెళ్లి, దక్షిణ అమెరికాలో కూడా జనం నోటి పాటలు సేకరించుకొచ్చాడు. నేనేమో కళ్లెదుట పాడే గొంతునే ఆపేశాను.

ఆ అమ్మాయి మార్కులు ఆ పూటే సరిచేశాను. అంతకు ముందు బ్యాచ్‌ల సంగతే ఇప్పటికీ గుచ్చుతుంది. ఆ రికార్డులు ఎప్పుడో మూసేశారు. అప్పటి ఒక కుర్రాడు ఇప్పుడు మాదాపూర్‌లో మెక్సికో కస్టమర్లతో రోజంతా ఫోనులో మాట్లాడే ఉద్యోగం చేస్తున్నాడు. ఈ మధ్య కనిపిస్తే క్షమించమన్నాను.

“మార్కులదేముంది సార్! ఆ సెమిస్టరంతా క్లాసులో నోరు విప్పలేదు, అదే బాధ” అన్నాడు.

ఇప్పుడు మొదటి వారం పాఠం నేను చెప్పడం లేదు. బొగొతా, మెక్సికో, లీమా, మాడ్రిడ్ గొంతుల రికార్డింగులు వినిపిస్తున్నాను. పిల్లలు తమకు నచ్చిన పలుకుబడి ఎంచుకుంటారు. మార్కుల పట్టీలో ‘ఉచ్చారణ’ గడి ఉన్న చోట ‘ఎదుటివాళ్లకు అర్థమైందా’ అని రాయించాను.